పూల జెల్లీకి 150 గ్రేడు పెక్టిన్ పొడి: అనంతపురం వంటింట్లో ఎంతవరకు నమ్మొచ్చు

జామకాయతో జెల్లీ చేసేవాళ్లకు పెక్టిన్ కొనే పని లేదు. జెల్లీని గట్టిపరిచే ఆ పదార్థం కాయలోనే ఉంది, కాస్త పులుపు కలిపి చక్కెర వేసి ఉడికిస్తే చాలు. పువ్వు అలా కాదు. గులాబీ రేకులు నానబెట్టిన నీళ్లలో రంగు ఉంటుంది, వాసన ఉంటుంది, కొంచెం వగరు ఉంటుంది. జెల్లీ పేరుకోవడానికి కావలసిన పెక్టిన్ గానీ పులుపు గానీ చాలినంత ఉండవు. రెండూ కొని వేయాల్సిందే. అందుకే పూల జెల్లీ కుదరడం, కుదరకపోవడం పువ్వు కంటే ఎక్కువగా అంగడి నుంచి తెచ్చిన పొట్లం మీద ఆధారపడుతుంది.

ఈ సమీక్ష ఆ పొట్లం గురించే. బేకరీ సామాను అమ్మే అంగళ్లలోనూ ఆన్‌లైన్‌లోనూ చిన్న పొట్లాలుగా దొరికే '150 గ్రేడు' పెక్టిన్ పొడి, దానితో పాటు తప్పక కొనవలసిన నిమ్మ ఉప్పు (సిట్రిక్ యాసిడ్), గాజు సీసాలు, మూతలు. పొడికి మా ఓటు గట్టిగా ఉంది. 100 గ్రాముల పొట్లం చిన్నగా కనిపిస్తుంది గానీ విడతకు 6 గ్రాములు పోను పదహారు విడతలు వస్తుంది, అంటే 200 మి.లీ. సీసాలు అరవై పైచిలుకు. పొడి మంచిదైనా జెల్లీ పాడయ్యే దారులు నాలుగైదు ఉన్నాయి. వాటిలో రెండు అనంతపురానికే ప్రత్యేకమైనవి: ఇక్కడి బోరు నీళ్లు, ఇక్కడి ఎత్తు.

పొట్లం మీద ఏం చూడాలి

150 గ్రేడు అంటే ఒక గ్రాము పొడి 150 గ్రాముల చక్కెరను జెల్లీగా పట్టి నిలబెట్టగలదని అర్థం. అదీ పూర్తయిన జెల్లీలో చక్కెర పాళ్లు నూటికి 65 ఉన్నప్పుడు, పులుపు సరిపడా ఉన్నప్పుడు. ఈ అంకె లేని పొట్లం కొనొద్దు. ఉత్త 'పెక్టిన్ పొడి' అని రాసి ఉంటే ఎంత వేయాలో లెక్క కట్టే దారి ఉండదు.

రెండోది రకం. పూల జెల్లీకి కావలసింది హై మెథాక్సిల్ పెక్టిన్. ఇది పులుపు, ఎక్కువ చక్కెర కలిసినప్పుడు గట్టిపడుతుంది. 'తక్కువ చక్కెర జామ్‌కు' అని అమ్మేది లో మెథాక్సిల్ రకం. అది కాల్షియంతో గట్టిపడుతుంది. దీన్ని తెచ్చి ఇక్కడ చెప్పిన లెక్కలో వేస్తే కొన్నిసార్లు పాకంలా మిగులుతుంది, కొన్నిసార్లు గడ్డలు గడ్డలుగా విరుగుతుంది. తప్పు పొడిది కాదు, రకం మారింది, అంతే. రెండింటికీ ఆహార సంకలనాల్లో ఒకటే సంఖ్య, ఐఎన్ఎస్ 440. కాబట్టి ఆ సంఖ్య ఉన్నంత మాత్రాన సరైన రకమని అనుకోకండి.

మూడోది స్లో సెట్టా, రాపిడ్ సెట్టా అన్నది. రాపిడ్ సెట్ సీసాలో పోస్తుండగానే, ఇంకా చేయి పెట్టలేనంత వేడిగా ఉన్నప్పుడే పేరుకోవడం మొదలుపెడుతుంది. జెల్లీలో రేకులు తేలకుండా మధ్యలో నిలవాలంటే అది పనికొస్తుంది. ఇంట్లో గంటెతో ఒక్కో సీసా నింపేవాళ్లకు మాత్రం స్లో సెట్టే మేలు. పోసే లోపల గిన్నెలోనే సగం పేరుకుంటే, దాన్ని కదిపి పోసిన జెల్లీ ఎప్పటికీ నున్నగా రాదు. లోపల గాలి బుడగలూ చిక్కుకుంటాయి. పొట్లం మీద ఈ వివరం లేకపోతే అమ్మేవారిని అడగండి. వాళ్లు చెప్పలేకపోతే ఇంకో పొట్లం చూసుకోండి.

పొడి మీగడ రంగులో, పొడిపొడిగా జారాలి. గడ్డకట్టి ఉంటే తేమ తగిలిందని గుర్తు. అలాంటిది నీళ్లలో సరిగా కరగదు. ఇక్కడి ఎండలకు పొట్లాన్ని పొయ్యి పక్క అలమరలో ఉంచితే బలం తగ్గుతుంది. గట్టి మూత ఉన్న డబ్బాలో వేసి ఫ్రిజ్‌లో పెట్టుకోవడం మంచిది.

కొత్త పొట్లం తెచ్చిన రోజే దాని బలం తేల్చుకోవచ్చు. పువ్వులు దండగ చేయకుండా ఉత్త నీళ్లతో ఇలా చేయండి. 1 గ్రాము పెక్టిన్‌ను 10 గ్రాముల చక్కెరలో పొడిగానే కలిపి, 110 మి.లీ. వేడి నీళ్లలో చల్లుతూ కరిగించి ఒక నిమిషం మరిగించండి. మిగిలిన 140 గ్రాముల చక్కెర వేసి, మొత్తం బరువు 231 గ్రాములకు దిగేదాకా మరిగించి దించండి. అర గ్రాముకు కాస్త ఎక్కువ నిమ్మ ఉప్పును అర చెంచా నీళ్లలో కరిగించి కలిపి, చిన్న గిన్నెలో పోసి మర్నాటి దాకా కదపకుండా ఉంచండి. పళ్లెంలో బోర్లిస్తే ఆకారం నిలబడి, పైభాగం కొద్దిగా మాత్రమే కుంగితే పొడి చెప్పిన బలం ఉన్నట్టే. జారి పరుచుకుంటే ఆ పొట్లంతో ప్రతి విడతకూ పెక్టిన్ కొలత పెంచాలి, లేదా వాపసు ఇవ్వాలి. దీనికి 0.1 గ్రాము చూపించే చిన్న తూకం యంత్రం కావాలి. చెంచా కొలతలతో పెక్టిన్ జోలికి వెళ్లకండి. ఒకే చెంచాలో అదిమి తీస్తే ఒక బరువు, వదులుగా తీస్తే ఇంకో బరువు.

ఇక్కడే అందరూ పడే గొయ్యి ఒకటుంది. అమెరికా వంట విధానాల్లో పూల జెల్లీకి 'ఒక పెట్టె పెక్టిన్' అని ఉంటుంది. ఆ పెట్టె 50 గ్రాముల దాకా తూగుతుంది. అందులో ఎక్కువ భాగం డెక్స్ట్రోజ్ అనే చక్కెర, దానితో పాటు కొంత పులుపు కలిపి ఉంటాయి. అసలు పెక్టిన్ కొంచెమే. ఆ లెక్క చూసి మన 150 గ్రేడు పొడి 50 గ్రాములు గుమ్మరిస్తే అది జెల్లీ కాదు, రబ్బరు. ఆ విధానాల్లోని పువ్వుల కొలతలు వాడుకోండి గానీ పెక్టిన్ కొలత మాత్రం వదిలేయండి.

ఒక విడతకు లెక్క

నాటు గులాబీతో నాలుగు 200 మి.లీ. సీసాలకు: శుభ్రం చేసిన రేకులు 60 గ్రాములు, నీళ్లు 600 మి.లీ., చక్కెర 700 గ్రాములు, స్లో సెట్ పెక్టిన్ 6 గ్రాములు, నిమ్మ ఉప్పు 3 గ్రాములు. ఎండు రేకులైతే 15 గ్రాములు చాలు.

700 గ్రాముల చక్కెరకు గ్రేడు ప్రకారం 4.7 గ్రాముల పెక్టినే లెక్క. 6 ఎందుకంటే పువ్వు నీళ్లలో తోడ్పడే పెక్టిన్ ఏమీ లేదు, ఇంటి పొయ్యి మీద కొంత కరగకుండానూ మిగులుతుంది. 8 దాటిస్తే రొట్టెకు పూయడానికి రాని గట్టి ముద్ద అవుతుంది.

ప్రతి రేకు మొదట్లో తెల్లని మడమ ఉంటుంది. చేదు అక్కడే ఉంది, కత్తెరతో తీసేయండి. 60 గ్రాములకు ఇది అరగంట పని. ఎంత మంచి పెక్టిన్ వేసినా ఈ అరగంట ఎగ్గొట్టిన జెల్లీ నాలుకకు తెలిసిపోతుంది. నీళ్లు మరిగించి దించి, రెండు నిమిషాలు ఆగి రేకుల మీద పోసి మూత పెట్టండి. నాలుగు గంటలు చాలు. రాత్రంతా అయితే ఫ్రిజ్‌లో ఉంచాలి. తర్వాత పలుచటి తెల్లగుడ్డలో వడగట్టి, దానంతట అది కారనివ్వండి. పిండితే ఇంకో పావు గ్లాసు వస్తుంది, కానీ ఆ పావు గ్లాసే జెల్లీని మబ్బుగా చేస్తుంది. 500 మి.లీ. రావాలి. తక్కువైతే నీళ్లు కలిపి సరిచేసుకోవాలి.

అడుగు మందంగా, నోరు వెడల్పుగా ఉన్న స్టీలు గిన్నె ఖాళీ బరువు ముందే తూచి రాసి పెట్టుకోండి. పువ్వు నీళ్లు అందులో పోసి వెచ్చబెట్టండి. 6 గ్రాముల పెక్టిన్‌ను 60 గ్రాముల చక్కెరతో పొడిగా కలిపి, ఒక చేత్తో చల్లుతూ ఇంకో చేత్తో కలియబెట్టండి. ఉత్త పెక్టిన్ వేస్తే చేపకళ్లలా ఉండలు కడుతుంది. పైన జిగురు, లోపల పొడి అలాగే ఉండిపోతుంది. తర్వాత రెండు నిమిషాలు బాగా మరగాలి. మిగతా చక్కెర ఈ రెండు నిమిషాలు అయ్యాకే వేయాలి. చిక్కటి చక్కెర పాకంలో పెక్టిన్ కరగదు. అన్నీ ఒకేసారి వేసి మరిగించినవాళ్లు 'పెక్టిన్ కల్తీ' అనుకుంటారు. పొడి గిన్నె అడుగునే ఉంటుంది, కానీ పనిలోకి దిగి ఉండదు.

చక్కెరంతా వేశాక పెద్ద మంట మీద మరిగించండి. మొదట గిన్నెలో 1,200 గ్రాముల పైన ఉంటుంది. అది 1,080కి దిగాలి. ఈ అంకె ఎక్కడిదంటే 700 గ్రాముల చక్కెర నూటికి 65 పాళ్లు కావాలంటే మొత్తం 1,077 ఉండాలి. ఐదారు నిమిషాలకొకసారి కాదు, మూడో నిమిషం నుంచే గిన్నె దించి తూచండి. పళ్లెం మీద చుక్క వేసి చూడటం, గంటె అంచు నుంచి రేకులా జారడం లాంటి పాత పరీక్షలు అనుభవం ఉన్న చేతికి పనికొస్తాయి. తూకం మాత్రం కొత్తవాళ్లకూ అబద్ధం చెప్పదు.

బరువు దిగగానే పొయ్యి ఆర్పి, 3 గ్రాముల నిమ్మ ఉప్పును రెండు చెంచాల వేడి నీళ్లలో కరిగించి పోయండి. ఇరవై సెకన్లు కలిపి, నురగ తీసి వెంటనే సీసాల్లోకి. పులుపు చివర్లోనే ఎందుకంటే, పుల్లటి పాకంలో ఎక్కువసేపు మరిగిన పెక్టిన్ తెగిపోతుంది. తెగిన పెక్టిన్ మళ్లీ అతకదు.

రెండింతలు ఒకేసారి చేయాలన్న ఆశ వద్దు. గిన్నె నిండుగా ఉంటే నీరు ఇంకడానికి రెట్టింపు కంటే ఎక్కువసేపు పడుతుంది. ఆలోపు రంగు మాడి గోధుమరంగు తిరుగుతుంది, వాసన ఇంట్లో అందరికీ తెలుస్తుంది గానీ జెల్లీలో మిగలదు.

చక్కెర గురించి ఒక మాట. మామూలు చక్కెరతో నురగ, మడ్డి ఎక్కువ వస్తాయి, రంగులో సన్నటి పసుపు ఛాయ ఉంటుంది. గంధకం వాడకుండా శుద్ధి చేసిన చక్కెర వాడితే గులాబీ, శంఖుపూల రంగు అద్దంలా వస్తుంది. బెల్లం ఈ పనికి రాదు. పువ్వు రంగు, వాసన రెండూ దాని కింద పడిపోతాయి.

నిమ్మ ఉప్పా, నిమ్మకాయా

రుచికి నిమ్మకాయే బాగుంటుంది. లెక్కకు నిమ్మ ఉప్పు బాగుంటుంది. కాయకూ కాయకూ రసం, పులుపు మారతాయి. ఎండాకాలపు కాయ ఒక రకం, వానాకాలపు కాయ ఇంకో రకం. పండ్ల జెల్లీలో ఆ తేడాను పండులోని పులుపు సర్దుతుంది. పువ్వులో సర్దేది ఏమీ లేదు. నిమ్మరసమే వాడాలనుకుంటే ఈ విడతకు వడగట్టిన రసం 50 నుంచి 60 మి.లీ. పడుతుంది. అనంతపురం పాతూరు కిరాణా అంగళ్లలో నిమ్మ ఉప్పు విడిగా పొట్లం కట్టి ఇస్తారు. ఈ పనికి అది వద్దు. ముద్ర ఉన్న, ఐఎన్ఎస్ 330 అని రాసిన పొట్లం తీసుకోండి. తెల్లటి పొడుల డబ్బాలు పక్కపక్కన ఉండే చోట పొరపాటుకు తావివ్వకూడదు.

పులుపు కేవలం గట్టిపడటానికే కాదు. పువ్వు నీళ్ల పీహెచ్ (పులుపును చెప్పే అంకె, పులుపు పెరిగేకొద్దీ ఇది తగ్గుతుంది) దాదాపు ఉత్త నీళ్ల దగ్గరే ఉంటుంది. సీసాలో గాలి లేకుండా మూసి నిల్వ ఉంచే వంటకు 4.6 దాటని పీహెచ్ ఉండాలి. అది దాటితే ప్రాణాంతకమైన బొటులినం విషానికి అవకాశం ఉంటుంది. జెల్లీ గట్టిపడే పీహెచ్ 3 నుంచి 3.3, కాబట్టి సరిగా పేరుకున్న జెల్లీ ఆ గీతకు చాలా దూరంలో, భద్రమైన వైపున ఉంటుంది. 'పిల్లలకు పులుపు నచ్చదు' అని నిమ్మ ఉప్పు తగ్గించడం ఇక్కడ రుచి విషయం కాదు. తగ్గించాలంటే సీసా కట్టకుండా ఫ్రిజ్‌లో పెట్టుకుని వారంలో తినేయాలి.

ఇప్పుడు నీళ్లు. అనంతపురం చుట్టుపక్కల బోరు నీళ్లు ఎంత గరుకో గిన్నె అడుగున కట్టే తెల్లపొర చెబుతుంది. ఆ సున్నపు గుణం మీరు వేసిన 3 గ్రాముల నిమ్మ ఉప్పులో కొంత భాగాన్ని తినేస్తుంది. ఒకే కొలతతో ఒకరింట్లో జెల్లీ, పక్కింట్లో పాకం రావడానికి ఇదీ ఒక కారణం. పైగా ఈ జిల్లాలో ఫ్లోరైడ్ ఉన్న నీళ్ల ఊళ్లు చాలా ఉన్నాయి. మరిగించి ఇంకించే వంటకు ఆ నీళ్లు అసలే వద్దు. ఆర్వో నీళ్లు వాడండి. పైన చెప్పిన 3 గ్రాముల లెక్క ఆ నీళ్లకే. రంగు జెల్లీలో పీహెచ్ కాగితం ముంచి చూస్తే పువ్వు రంగే కాగితానికి అంటి చూపు తప్పుతుంది. అందుకే నీళ్లు మార్చకుండా, తూకం తప్పకుండా చేయడమే నమ్మకమైన పద్ధతి.

పులుపు ఎక్కువైనా తిప్పలే. పీహెచ్ 2.8 కిందికి పోతే జెల్లీ గట్టిపడుతుంది గానీ రెండు మూడు రోజుల్లో నీళ్లు వదులుతుంది. సీసా వంచితే పైన పలచటి పాకం కదులుతుంటుంది. తినడానికి హాని లేదు, చూడ్డానికి బాగుండదు.

ఏ పువ్వుకు ఈ పొడి కుదురుతుంది

నాటు గులాబీకి బాగా కుదురుతుంది. పూలకొట్టులో కట్ట కట్టి అమ్మే పొడుగు కాడ గులాబీకి వాసన ఉండదు. మందు ఎంత కొట్టారో తెలియదు కూడా. అసలు దండలకు, పూజకు పెంచే పూలు తినడానికి పెంచినవి కావు. కోసే ముందు రోజు దాకా పురుగుమందు పడుతుంది, కొన్నింటికి రంగూ ముంచుతారు. కడిగితే పోదు. కుండీలో, పెరట్లో మందు కొట్టకుండా పెంచిన పూలే వాడాలి, లేదా తినడానికని ముద్ర వేసి అమ్మే ఎండు రేకులు కొనాలి.

శంఖుపూల విషయంలో ముందే తెలియాల్సింది ఒకటుంది. నీలం జెల్లీ ఈ పొడితో రాదు. శంఖుపువ్వు నీలం పులుపు తగలగానే ఊదాకు తిరుగుతుంది. పులుపు లేకుండా ఈ పెక్టిన్ గట్టిపడదు. కాబట్టి వచ్చేది వంకాయ రంగుకు దగ్గర ఊదా జెల్లీ, చాలా అందంగానే ఉంటుంది. సీసా కట్టిన నీలం జెల్లీ అని చూపించే బొమ్మల్ని చూసి పులుపు తగ్గించుకోకండి. ఎండు పూలు 8 గ్రాములు విడతకు చాలు. ఈ పువ్వుకు రుచి పెద్దగా లేదు. నిమ్మగడ్డి నాలుగు కాడలు చిదిమి దానితో పాటే నానబెడితే రుచి వస్తుంది.

ఎర్ర గోంగూర కాయల రేకల కథే వేరు. అవి పువ్వు రాలాక కండపట్టే ఎర్రటి తొడిమ రేకలు. వాటిలో పులుపు నిండుగా ఉంది, పెక్టినూ ఉంది. 300 గ్రాముల పచ్చి రేకలను 700 మి.లీ. నీళ్లలో పది నిమిషాలు ఉడికించి వడగట్టి, 500 మి.లీ. తీసుకుంటే పెక్టిన్ 3 గ్రాములు చాలు, నిమ్మ ఉప్పు అక్కర్లేదు. కొత్తగా మొదలుపెట్టేవాళ్లు దీంతోనే మొదలుపెట్టడం మంచిది, తప్పినా తక్కువ తప్పుతుంది. కూర కోసం వేసే గోగు రకాల్లో కొన్నింటికి ఈ కండ ఉండదు. చేత్తో విరిస్తే దళసరిగా, రసంగా ఉన్నవే కోయాలి.

మందారం రంగు ఇస్తుంది, జిగురూ ఇస్తుంది. ఆ జిగురు వల్ల వడకట్టడం ఆలస్యమవుతుంది. మధ్యలోని కాడ, పుప్పొడి తీసి రేకులు మాత్రమే వేయండి. మల్లె వాసన మంటకు నిలవదు. వేడినీళ్లు పోస్తే పచ్చి ఆకు వాసన మిగులుతుంది. విచ్చుకునే సాయంత్రం మొగ్గలను చల్లటి నీళ్లలో వేసి రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచి, ఆ నీళ్లతో చేయాలి. అయినా మల్లె జెల్లీ గులాబీ అంత బాగుంటుందని చెప్పలేం. తంగేడు పూలతో టీ కాచుకునేవాళ్లు ఉన్నారు గానీ ఆ జాతికి విరేచనం చేసే గుణం ఉంది, జెల్లీకి వద్దు.

గన్నేరు మాత్రం ఇంట్లో ఈ పని జరుగుతున్న చోటికే రానివ్వకండి. ఎర్రదైనా, తెల్లదైనా, పచ్చ గన్నేరైనా అన్నీ గుండెను ఆపే విషాలే. ఉడికించినా పోదు. ఉమ్మెత్త, జిల్లేడు, అడవినాభి కూడా విషాలే. పూజ బుట్టలో గులాబీ రేకులతో పాటు గన్నేరు కలిసి ఉండే ఇళ్లలో ఆ బుట్ట పూలు జెల్లీకి తీసుకోకూడదు.

సీసాలు, మూతలు, ఎత్తు లెక్క

ఇంటి జెల్లీలో అన్నిటికంటే తక్కువ శ్రద్ధ పడేది మూత మీద. 200 మి.లీ. గాజు సీసాకు పావు తిప్పుతో బిగుసుకునే రేకు మూత, లోపలి అంచున మెత్తటి పూత ఉన్నది కావాలి. ఆ పూత వేడికి మెత్తబడి సీసా అంచును అచ్చులా పట్టుకుంటుంది. ఒకసారి అచ్చు పడిన మూత రెండోసారి అలా పట్టుకోదు. సీసా ఎన్నిసార్లయినా వాడండి, మూత ప్రతిసారీ కొత్తదే. పచ్చడి సీసాలు, జామ్ సీసాలు దాచుకున్నవాళ్లు సీసా నోటి కొలత తీసుకుని కొత్త మూతలు విడిగా తెప్పించుకోవచ్చు. 53, 63 మి.మీ. మూతలు ఎక్కువ వాడుకలో ఉన్నాయి. 63కి 61 దొరికిందని సర్దుకుంటే సీలు పడదు. మధ్యలో చిన్న బొత్తాంలా ఉబ్బు ఉన్న మూత దొరికితే అదే కొనండి. సీలు పడగానే అది 'టక్'మని లోపలికి పోతుంది.

తీగ బిగింపు, రబ్బరు వలయం ఉన్న సీసాలు బహుమతికి ముచ్చటగా ఉంటాయి. సీలు పడిందో లేదో చూసి చెప్పడం కష్టం. నిల్వకు వాటిని సిఫారసు చేయం. ప్లాస్టిక్ మూత ఉన్న కాఫీ సీసాలు ఫ్రిజ్ జెల్లీకి మాత్రమే.

సీసాలను నీళ్లలో మరిగించి, ఆ వేడి మీదే నింపాలి. చల్లటి గాజులో నూరు డిగ్రీల పాకం పోస్తే అడుగు ఊడి వస్తుంది. అంచు కింద 6 మి.మీ. ఖాళీ వదిలి, అంచును తడిగుడ్డతో తుడిచి మూత బిగించండి. అంచున జిడ్డు చుక్క ఉన్నా సీలు పడదు. పెద్ద తపేలా అడుగున గుడ్డ పరిచి, సీసాల మీద అంగుళం నీళ్లు నిలిచేలా పోసి మరిగించాలి.

ఎంతసేపు అన్నదే ఊరిని బట్టి మారేది. అమెరికా వ్యవసాయ శాఖ పట్టికలో, మరిగించి శుభ్రం చేసిన సీసాల్లో పోసిన జెల్లీకి వెయ్యి అడుగుల ఎత్తు వరకు 5 నిమిషాలు, ఆపైన ఆరు వేల అడుగుల దాకా 10 నిమిషాలు. కడప సుమారు 138 మీటర్లు, కర్నూలు సుమారు 273 మీటర్లు. రెండూ వెయ్యి అడుగుల లోపే, 5 నిమిషాలు సరిపోతాయి. అనంతపురం సుమారు 335 మీటర్లు, అంటే దాదాపు 1,100 అడుగులు. గీత దాటింది, ఇక్కడ 10 నిమిషాలు. ఖాళీ సీసాలు మరిగించడానికి కూడా 10 బదులు 11 నిమిషాలు పెట్టుకోండి. లెక్క నీళ్లు గళగళ మరగడం మొదలైనప్పటి నుంచి.

ఎత్తు వల్ల ఇంకో సంగతి కూడా మారుతుంది. థర్మామీటరుతో జెల్లీ దించేవాళ్లు పుస్తకంలోని 104.5 డిగ్రీల కోసం చూస్తుంటారు. అది సముద్రమట్టం లెక్క. అనంతపురంలో నీళ్లు 98.9 డిగ్రీల దగ్గరే మరుగుతాయి, దానికి నాలుగున్నర కలిపితే 103.4. ఇక్కడ 104.5 దాకా ఆగితే చక్కెర పాళ్లు 65 దాటి ఇంకా పైకి పోతాయి, నెల తిరిగేసరికి జెల్లీలో చక్కెర పలుకులు కడతాయి. ఎలాగూ థర్మామీటర్లు ఒకటి రెండు డిగ్రీలు తప్పు చూపడం మామూలే. ప్రతిసారీ ముందు మరిగే నీళ్లలో ముంచి, అది ఎంత చూపిస్తే దానికి నాలుగున్నర కలుపుకోండి.

దించిన సీసాలను బోర్లించొద్దు, ఆ అలవాటు వల్ల పేరుకునే జెల్లీ మూతకు అంటి సీలు చెడుతుంది. గుడ్డ మీద నిలబెట్టి ఒక రోజు కదపకండి. స్లో సెట్ పొడికి పూర్తి గట్టిదనం రావడానికి ఒక్కోసారి రెండు రోజులు పడుతుంది. అప్పటిదాకా 'పాకంలానే ఉంది' అని తిరిగి గిన్నెలో పోయకండి. రెండు రోజుల తర్వాతా జారుతుంటేనే మళ్లీ ఉడికించాలి. అప్పుడు లీటరు జెల్లీకి 2 గ్రాముల పెక్టిన్‌ను 20 గ్రాముల చక్కెర, 100 మి.లీ. నీళ్లలో విడిగా మరిగించి కరిగించాక, జెల్లీ దానిలో పోసి, మళ్లీ బరువు దిగేదాకా మరిగించి, అర గ్రాము నిమ్మ ఉప్పు చేర్చి కొత్త మూతలతో కట్టాలి.

వేరే దారులు

చీనీ (బత్తాయి) కాయల జిల్లాలో పెక్టిన్ కొనడమెందుకు, తొక్క కింద తెల్లటి దూదిలోనే బోలెడు ఉంది కదా అని అడగొచ్చు. ఉంది, తీయొచ్చు. ఆ దూదిని సన్నగా తరిగి మూడింతల నీళ్లు, కాస్త నిమ్మరసం పోసి రెండు గంటలు నానబెట్టి, పావుగంట ఉడికించి వడగడితే చిక్కటి జిగురు నీళ్లు వస్తాయి. దాని చేదు మాత్రం గులాబీని మింగేస్తుంది. మామిడి, బొప్పాయి జెల్లీకి వాడుకోండి. జామ రసంతో చేస్తే అది జామ జెల్లీ, గులాబీ వాసన ఉన్న జామ జెల్లీ. పువ్వు రుచి పువ్వుగా నిలవాలంటే రుచీ వాసనా లేని పొడే కావాలి. ఈ పొడికి మేం ఓటు వేయడానికి అసలు కారణం ఇదే.

చైనా గ్రాస్ వాడితే జెల్లీ పుటుక్కున విరుగుతుంది, రొట్టె మీద పరుచుకోదు, నీళ్లూ వదులుతుంది. జెలటిన్ శాకాహారం కాదు, పైగా మే నెల అనంతపురంలో గది వేడికే కరుగుతుంది. ఫ్రిజ్‌లో పెట్టి చేసే జెల్లీ పొడి పొట్లాలు మూత కట్టి నిల్వ చేసే పనికి పనికిరావు.

నిల్వకు చీకటి, చల్లదనం కావాలి. వెలుతురు తగిలే అలమరలో గులాబీ రంగు రెండు మూడు నెలల్లో ఇటుక రంగుకు తిరుగుతుంది. మార్చి నుంచి జూన్ దాకా ఇంట్లో అన్నిటికంటే చల్లగా ఉండే మూల చూసి పెట్టండి, ఫ్రిజ్‌లో చోటుంటే అక్కడే. మూత బొత్తాం పైకి ఉబ్బినా, తీయగానే బుడగలు కనిపించినా, పైన బూజు చుక్క ఒక్కటి ఉన్నా మొత్తం పారేయాలి, పైపైన తీసి తినకూడదు. తెరిచిన సీసా ఫ్రిజ్‌లో ఉంచి, పొడి చెంచాతో తీసుకుంటూ మూడు వారాల్లో ముగించండి.